పత్తిని కాల్చింది నిప్పేనా? గజాలీ వేసిన ప్రశ్న, ఆయన మీద పడ్డ నింద

పత్తి సీజన్ వచ్చిందంటే నల్గొండ, పాలమూరు జిల్లాల జిన్నింగ్ మిల్లుల్లో ఒకటే టెన్షన్. రోలర్ల మధ్యకు చిన్న రాయో ఇనుప ముక్కో పోతే చాలు, నిప్పురవ్వ లేస్తుంది. పత్తి భగ్గున మండితే కొంత నయం, కంటికి కనపడుతుంది. లోలోపల రాజుకుంటేనే అసలు ప్రమాదం. పైకి కుప్ప తెల్లగానే ఉంటుంది. ఎప్పటికో నడిమధ్య నుంచి పొగ లేస్తుంది. అప్పుడు ఫైరింజన్ వచ్చి నీళ్లు కొట్టినా చాలదు, కుప్పనంతా విడదీసి ఆర్పాలి. అంతా చల్లారాక ఇన్సూరెన్స్ వాళ్లు వచ్చి అడిగే మొదటి మాట: ఎందుకంటుకుంది?

తొమ్మిది వందల ఏళ్ల కిందట బాగ్దాద్‌లో ఒక మతపండితుడు ఇదే పత్తిని, ఇదే నిప్పును ఉదాహరణగా తీసుకుని మరింత చిక్కు ప్రశ్న వేశాడు. నిప్పు తగిలింది, పత్తి కాలింది. ఈ రెండూ ఒకదాని వెంట ఒకటి జరగడం నువ్వు చూశావు, సరే. కానీ నిప్పే కాల్చిందని ఎక్కడ చూశావు? "దానితో పాటు" జరిగింది కనపడుతుంది. "దాని వల్ల" జరిగింది అన్నది నువ్వు కలుపుకున్నది. ఆ పండితుడి పేరు అబూ హామిద్ ముహమ్మద్ అల్ గజాలీ.

మన వైపు ఈ పేరు రెండు చోట్ల వినపడుతుంది. మదరసాల్లో, జుమ్మా ప్రసంగాల్లో ఆయన "హుజ్జతుల్ ఇస్లాం", ఇస్లాంకు నిలువెత్తు సాక్ష్యం లాంటివాడు. హేతువాద సభల్లో, సోషల్ మీడియా చర్చల్లో మాత్రం "ముస్లిం ప్రపంచంలో సైన్స్‌ను చంపినవాడు". నల్గొండ సాయుధ పోరాటం నడిచిన జిల్లా. మతాన్ని నిలదీసే అలవాటు ఇక్కడ ఊరూరా ఉంది, అది మంచిదే. కానీ ఈ రెండో మాటను చాలామంది ఇంగ్లీషు వీడియోల్లో విని తెచ్చుకున్నారు. నా లెక్కలో ఆ నింద నిలబడదు. ఆయన మీద అంతకంటే బరువైన ఫిర్యాదు వేరే ఒకటుంది. దాన్ని తిట్టేవాళ్లూ పట్టించుకోరు, పొగిడేవాళ్లూ దాటేస్తారు.

ముందు మనిషి సంగతి. ఆయన 1058లో తూస్‌లో పుట్టాడు. ఇప్పటి ఇరాన్‌లో మష్హద్ నగరం దగ్గర ఉండేది ఆ ఊరు. తండ్రి ఉన్ని వడికి అమ్ముకునేవాడని చెబుతారు. ఆయన చనిపోతూ ఇద్దరు మగపిల్లల్నీ, ఉన్న కాస్త డబ్బునీ ఒక సూఫీ స్నేహితుడి చేతిలో పెట్టాడు. డబ్బు కొన్నాళ్లకు ఐపోయింది. ఆ స్నేహితుడు కూడా పేదవాడే. "మదరసాలో చేరండి, కనీసం తిండైనా దొరుకుతుంది" అన్నాడు. వలస పోతూ పిల్లల్ని సంక్షేమ హాస్టల్లో వదిలి, మూడు పూటలా అన్నం ఉంటుందని ధైర్యం చెప్పుకునే పాలమూరు ఇళ్ల లాంటి కథే ఇది. తర్వాత గజాలీ దాన్ని దాచుకోలేదు. మేం చదువుకు పోయింది దేవుడి కోసం కాదని, కానీ చదువే దేవుడి కోసం తప్ప ఉండనని మొండికేసిందని చెప్పాడట.

కుర్రతనంలో జరిగిందని చెప్పే ఇంకో కథ ఉంది. జుర్జాన్‌లో చదువు ముగించుకుని వస్తుంటే దారిలో దొంగలు పడ్డారు. అన్నీ దోచుకున్నారు. గజాలీ వాళ్ల వెంటపడి, నా నోట్సు ఒక్కటీ ఇచ్చేయండి, మీకు దేనికీ పనికిరాదు, నా చదువంతా అందులోనే ఉంది అని బతిమాలాడు. దొంగల నాయకుడు నవ్వాడు. మేం కాగితాలు లాక్కుంటే పోయే చదువు అదేం చదువు అన్నాడు. నోట్సు తిరిగి ఇచ్చేశాడు. ఇంటికొచ్చి మూడేళ్లు కూర్చుని అదంతా కంఠతా పట్టాడు గజాలీ. కథలో ఎంత నిజమో ఏమో గానీ, ఆ దొంగ వేసిన ప్రశ్న మాత్రం ఆయన్ని జీవితాంతం వదల్లేదు. నీకు తెలుసని నువ్వంటున్నది నిజంగా నీకు తెలుసా?

నిషాపూర్‌లో జువైనీ అనే గొప్ప గురువు దగ్గర మతతర్కం నేర్చుకున్నాడు. 1085లో ఆయన పోయాక, సెల్జూక్ సుల్తానుల వజీరు నిజాముల్ ముల్క్ కొలువులో చేరాడు. (మన హైదరాబాదు నిజాములకూ ఈయనకూ చుట్టరికం లేదు, బిరుదు ఒక్కటే ఉమ్మడి.) 1091లో ఆ వజీరు గజాలీని బాగ్దాద్‌లోని తన నిజామియా మదరసాకు పెద్ద ఆచార్యుణ్ని చేసి పంపాడు. అప్పటికి ఆయనకు ముప్పై మూడేళ్లు. మూడు వందల మంది విద్యార్థులు, దర్బారులో పలుకుబడి, ఊరంతా పేరు. ఆ కాలంలో మతపండితుడికి ఇంతకంటే పెద్ద ఉద్యోగం లేదు.

అక్కడ కూర్చుని ఆయన తత్వశాస్త్రం మొదలుపెట్టాడు. గురువు లేకుండా, పాఠాలు చెప్పగా మిగిలిన సమయంలో, రెండేళ్ల లోపే ఫారాబీని, ఇబ్న్ సీనాను చదివేశానని ఆయనే రాసుకున్నాడు. అరిస్టాటిల్ దారిని అరబ్బీలోకి తెచ్చి, దాన్ని తమదిగా చేసుకున్న మహామహులు వాళ్లు. ముందు వాళ్ల సిద్ధాంతాలను వాళ్ల వైపు నుంచే వివరిస్తూ ఒక పుస్తకం రాశాడు. అది ఎంత నిజాయితీగా ఉందంటే, లాటిన్‌లోకి అనువాదమయ్యాక యూరప్ పండితులు చాలాకాలం గజాలీ కూడా ఆ తత్వవేత్తల్లో ఒకడే అనుకున్నారు. ఎదుటివాడి వాదాన్ని ఇంత బాగా చెప్పగలిగినవాడు మన టీవీ డిబేట్లలో ఒక్కడు కనపడితే చూడాలని ఉంది.

ఆ తర్వాత, 1095 మొదట్లో, దాడి. పుస్తకం పేరు "తహాఫుతుల్ ఫలాసిఫా", అంటే తత్వవేత్తల తడబాటు. తత్వవేత్తల సిద్ధాంతాలు ఇరవైంటిని తీసుకుని, ఒక్కోటీ ఎలా కూలిపోతుందో చూపిస్తాడు. "సైన్స్‌ను చంపాడు" అనే నింద పుట్టింది ఈ పుస్తకం మీదే. కాబట్టి దాని ముందుమాటలో ఏముందో ఒకసారి చూడాలి.

అక్కడ గ్రహణాల మాట వస్తుంది. సూర్యుడికీ చంద్రుడికీ మధ్య భూమి వస్తే చంద్రగ్రహణం, మనకూ సూర్యుడికీ మధ్య చంద్రుడు వస్తే సూర్యగ్రహణం అని ఖగోళ పండితులు చెబుతారు. దీన్ని ఖండించడం మతధర్మమని ఎవరైనా అనుకుంటే వాడు మతానికే ద్రోహం చేస్తున్నాడని గజాలీ రాశాడు. ఎందుకంటే ఇవి లెక్కలతో రుజువైన విషయాలు. లెక్క తెలిసినవాడు గ్రహణం ఏ రోజు, ఏ వేళకు వస్తుందో ముందే చెబుతాడు. చెప్పినట్టే వస్తుంది. అలాంటివాడితో "ఇది మతానికి విరుద్ధం" అంటే వాడు లెక్కను అనుమానించడు, మతాన్నే అనుమానిస్తాడు. మతాన్ని తప్పుడు దారిలో కాపాడబోయేవాడి వల్ల, దాని మీద దాడి చేసేవాడి వల్ల కంటే ఎక్కువ నష్టం అంటాడు.

1980 ఫిబ్రవరి 16న సంపూర్ణ సూర్యగ్రహణం నీడ రాయచూరు వైపు నుంచి పాలమూరు, నల్గొండ జిల్లాల మీదుగా సాగిపోయింది. ఉస్మానియా యూనివర్సిటీకి జపాల్-రంగాపూర్‌లో ఉన్న అబ్జర్వేటరీ సరిగ్గా ఆ దారిలోనే ఉంది, శాస్త్రవేత్తలకు అది పండగ రోజు. ఊళ్లలో మాత్రం జనం తలుపులు బిడాయించుకుని కూర్చున్నారు. పెద్దవాళ్లను అడగండి, గర్భిణులను కదలనివ్వలేదని, పశువులను విప్పలేదని ఇప్పటికీ చెబుతారు. పదకొండో శతాబ్దపు మతపండితుడు ఆ రోజు ఇక్కడుంటే రంగాపూర్ వాళ్ల లెక్కను ఒప్పుకునేవాడు, ఒప్పుకుని గ్రహణ నమాజుకు నిలబడేవాడు. ఆయనకు ఆ రెంటి మధ్య పేచీ కనపడలేదు.

మరి ఆయన పేచీ ఎక్కడ? తత్వవేత్తలు లెక్కల్లో, తర్కంలో సంపాదించుకున్న పేరును తీసుకెళ్లి, దేవుడి గురించీ లోకం పుట్టుక గురించీ చెప్పే మాటలకు కూడా తగిలిస్తున్నారన్నది ఆయన అభ్యంతరం. గ్రహణానికి ఇచ్చిన రుజువు లాంటిది, లోకానికి ఆది లేదు అన్నదానికి ఇచ్చారా? ఇవ్వలేదు. కానీ అదే గొంతుతో, అదే ధీమాతో చెబుతున్నారు. మీ సొంత తర్కం ప్రకారమే అది రుజువు కిందికి రాదు అని ఒక్కొక్క చోటా ఆపి చూపిస్తాడు. వాళ్లు ఆడే ఆటను వాళ్ల నిబంధనలతోనే ఆడి గెలవాలనుకున్నాడు.

పత్తి వచ్చేది పదిహేడో చర్చలో. ఇక్కడ కొంచెం ఓపిగ్గా వెళ్లాలి, ఎందుకంటే అందరూ తడబడేది ఇక్కడే.

ఇబ్న్ సీనా వైపు వాదన ఇది: నిప్పు స్వభావం కాల్చడం, పత్తి స్వభావం కాలడం. రెండూ కలిసి, మధ్యలో ఏ అడ్డూ లేకపోతే కాలక తప్పదు. ఈ "తప్పదు" అన్న మాటను గజాలీ పట్టుకున్నాడు. ఇబ్రహీం ప్రవక్తను మంటల్లో పడేస్తే మంట చల్లబడిందని ఖురాన్ చెబుతుంది. కాలక తప్పదు అంటే ఆ సంఘటన అసలు జరగడానికే వీల్లేదు. ప్రవక్తల అద్భుతాలకు చోటు దక్కించుకోవడం ఆయన అవసరం. దాన్ని ఆయన దాచలేదు, మనమూ దాచక్కర్లేదు.

అందుకు ఆయన మొదట తీసుకున్న దారి తీవ్రమైనది. నిప్పు ప్రాణం లేని వస్తువు, దానికి ఏ పనీ చేతకాదు. కాల్చేది దేవుడు, నేరుగా గానీ దేవదూతల ద్వారా గానీ. నిప్పు తగలడం, పత్తి కాలడం పక్కపక్కన జరిగేలా ఆయన నడుపుతున్నాడు, అంతే. ఇది దేవుడి అలవాటు. అలవాటును ఆయన తలచుకుంటే తప్పించగలడు.

మీకు ఇప్పుడు వచ్చిన అనుమానం గజాలీకే ముందు వచ్చింది. అలాగైతే నేను ఇంట్లో పెట్టి వచ్చిన పుస్తకం ఈపాటికి గుర్రమైపోయి ఉండొచ్చు కదా అని ప్రత్యర్థి ఎగతాళి చేస్తాడని ఆయనే రాసి, జవాబు చెబుతాడు. దేవుడికి అది సాధ్యమే, కానీ ఆయన అలా చేయలేదన్న తెలివిడిని కూడా మనలో ఆయనే పెట్టాడు, అందుకే ఎవరూ ఇంటికెళ్లి గుర్రం కోసం వెతుక్కోరు. ఈ జవాబు నాకు బలహీనంగానే అనిపిస్తుంది. బహుశా ఆయనకూ అనిపించిందేమో, వెంటనే ఇంకో దారి చూపిస్తాడు. సరే, నిప్పుకు కాల్చే గుణం ఉందనే ఒప్పుకుందాం. ఒంటికి ఒక రకం రాతిపొడి పూసుకున్నవాడు మండే కొలిమిలో కూర్చున్నా కాలడు. అది ఎరగనివాడు ఆ మాట నమ్మడు. అంటే వస్తువుల గుణాలన్నీ, వాటిని అడ్డుకునే మార్గాలన్నీ మనకు తెలియవు. మనం ఎరగని ఒక మార్గంలో ఇబ్రహీం ఒంటికో, ఆ మంటకో గుణం మారి ఉండొచ్చు కదా!

ఈ రెండో దారిని చదువుతుంటే నాకు మన పీర్ల పండుగే కళ్ల ముందు తిరుగుతుంది. మొహర్రం రాత్రి పీర్ల చావిడి ముందు గుండంలో కట్టెలు కాలి బొగ్గులవుతాయి. డప్పులు మోగుతుంటే పీర్లెత్తిన మనుషులు ఆ నిప్పుల మీద నడిచి వస్తారు. దక్షిణ తెలంగాణలో ఎన్నో ఊళ్లలో ఆ నడిచేవాళ్లలో ఎక్కువమంది హిందువులే. నడిచినవాళ్లు పీరు మహిమ అంటారు. హేతువాద సంఘాల వాళ్లు వచ్చి తామూ నడిచి చూపించి, బొగ్గు వేడిని నెమ్మదిగా వదులుతుంది, మీద బూడిద పొర ఉంటుంది, పాదం ఆనేది క్షణమే అని వివరిస్తారు. గజాలీ ఈ రెండో వివరణను కాదనడానికి కారణం నాకేమీ కనపడదు. రాతిపొడి పూసుకున్నవాడి సంగతి ఆయనే చెప్పాడు. పీర్ల ఊరేగింపును చూస్తే మాత్రం మొహం చిట్లించేవాడు. ఆయన షాఫియీ (సున్నీల నాలుగు ధర్మశాస్త్ర సంప్రదాయాల్లో ఒకటి) పండితుడు, ఆ విషయంలో మెత్తనివాడు కాదు.

కారణానికీ ఫలితానికీ మధ్య "తప్పనిసరి" లింకును మన కళ్లతో ఎక్కడా చూడలేం అన్న మాటను 18వ శతాబ్దంలో స్కాట్లండ్ తత్వవేత్త డేవిడ్ హ్యూమ్ దేవుడి ప్రసక్తి లేకుండా చెప్పాడు. అప్పుడు దాన్ని ఎవరూ సైన్స్ హత్య అనలేదు. గజాలీ అంటే మాత్రం అంటారు. ఇది కొంచెం అన్యాయం.

దీనికి వెంటనే వచ్చే ప్రశ్న: అంతా దేవుడే చేస్తే మనిషి ఎందుకు కష్టపడాలి? ఈ ప్రశ్నకు ఆయన తర్వాత రాసిన "ఇహ్యా" గ్రంథంలో సూటి జవాబుంది. దేవుడి మీద భారం వేయడం, అంటే తవక్కుల్, గురించి రాస్తూ కారణాలను మూడు రకాలుగా విడదీస్తాడు. కచ్చితమైనవి, ఎక్కువసార్లు పనిచేసేవి, ఉత్త ఊహలు. కచ్చితమైనవాటిని వదిలేయడం భక్తి కాదు, పిచ్చి అంటాడు. ఎదుట అన్నం ఉండగా చెయ్యి చాపకుండా, దేవుడే ఆకలి తీరుస్తాడని కూర్చునేవాడు పిచ్చివాడు. విత్తనం వేయకుండా పంట రావాలని చూసేవాడూ అంతే. జూన్‌లో వాన చినుకు కోసం ఆకాశం చూస్తూనే, దుక్కి దున్ని విత్తనాల ప్యాకెట్లు అప్పు తెచ్చి సిద్ధంగా పెట్టుకునే మన పత్తి రైతుకు ఈ భాగం ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు. మిల్లుకు వచ్చే ఇన్సూరెన్స్ మనిషి పని కూడా గజాలీ వల్ల ఆగదు. రోలర్‌లో రాయి పడిందా, వైరు కాలిందా అని వెతకడం ఆయన లెక్కలో తప్పు కాదు, తెలివైన పని.

వైద్యం, గణితం సమాజానికి తప్పనిసరి విద్యలని, ఊళ్లో ఎవరో కొందరైనా నేర్చుకోకపోతే ఊరంతటికీ పాపమని అదే గ్రంథం మొదట్లో రాశాడు. ఎన్నో పట్టణాల్లో ముస్లిం వైద్యుడే లేడు, కానీ అందరూ ఎగబడి ధర్మశాస్త్రమే చదువుతున్నారు, ఎందుకంటే దాంతో కాజీ ఉద్యోగాలు, వక్ఫ్ డబ్బుల మీద అధికారం, అనాథల ఆస్తుల మీద పెత్తనం దొరుకుతాయి అని తన తోటి పండితులనే దులిపేశాడు. తొమ్మిది శతాబ్దాలైనా ఈ మాటకు పదును తగ్గలేదు. వక్ఫ్ భూముల తగాదాలు చూసినవాళ్లకు వేరే చెప్పాలా!

ఆయనలో మరో పక్కా ఉంది. గణితం మంచిదే అంటూనే, దానిలో లోతుగా దిగినవాడు ఆ కచ్చితత్వం చూసి మురిసిపోయి, తత్వవేత్తలు మతం గురించి అన్నవాటినీ నమ్మేస్తాడు, కాబట్టి జనాన్ని కొంచెం ఆపడమే మేలు అని తన ఆత్మకథలో రాశాడు. ఇది భయంతో అన్న మాట. దీన్ని సాకుగా వాడుకున్నవాళ్లు తర్వాత ఉండే ఉంటారు. సైన్స్ విషయంలో ఆయన మీద నిలబడే ఫిర్యాదు ఈ మేరకే.

అసలు ఫిర్యాదు "తహాఫుత్" చివరి పేజీల్లో ఉంది. ఇరవై సిద్ధాంతాల్లో పదిహేడు తప్పుదారి పట్టినవని వదిలేశాడు. మూడింటిని మాత్రం వదల్లేదు. లోకం అనాది అనడం, దేవుడికి సామాన్య విషయాలే తప్ప ఒక్కొక్క మనిషి సంగతీ విడిగా తెలియదనడం, ప్రళయం తర్వాత శరీరాలు తిరిగి లేవవనడం. ఈ మూడూ నమ్మినవాడు ముస్లిమే కాడని తీర్పు చెప్పాడు. అప్పటి ధర్మశాస్త్రంలో ఆ తీర్పు వెంట మరణశిక్ష ఉంటుంది. నూరు పేజీల పైన తర్కంతో పోరాడినవాడు ఆఖర్న కాజీ కుర్చీ ఎక్కి కూర్చున్నాడు. వాదంలో ఓడిపోవడం వేరు, వాదించినందుకు ప్రాణం మీదికి రావడం వేరు. ఆ గీతను ఆయన చెరిపేశాడు. తర్వాతి కాలంలో ఎదుటివాణ్ని కాఫిర్ అనడానికి తొందరపడ్డ ఎందరో ఈ పేజీలను చూపించగలిగారు.

అభిమానులు దీనికి చెప్పే సమాధానం ఒకటుంది, దాన్నీ చెప్పాలి. చాలా ఏళ్ల తర్వాత ఇదే గజాలీ, ఎవరిని కాఫిర్ అనొచ్చు, ఎవరిని అనకూడదు అనే దాని మీదే విడిగా ఒక చిన్న పుస్తకం రాశాడు. అందులో హద్దులు చాలా బిగించాడు. కాబాకు తిరిగి నమాజు చేసేవాళ్ల మీద నోరు పారేసుకోవద్దన్నాడు. ఇస్లాం సంగతే చెవిన పడని దూరదేశాల క్రైస్తవులు, తుర్కు జాతివాళ్లలో ఎక్కువమందిని దేవుడి దయ కాపాడుతుందన్నాడు. మెత్తబడ్డాడన్నది నిజమే. ఆ మూడు సిద్ధాంతాల మీద తీర్పును మాత్రం వెనక్కి తీసుకోలేదు.

మళ్లీ ఆయన బతుకులోకి వద్దాం. 1092లో నిజాముల్ ముల్క్ హత్యకు గురయ్యాడు. కొన్ని వారాలకే సుల్తాన్ మాలిక్ షా పోయాడు. రాజ్యం వారసుల కొట్లాటలో పడింది. 1095 వేసవిలో గజాలీకి నోట మాట రాలేదు. పాఠం చెబుదామని కూర్చుంటే నాలుక కదల్లేదు. అన్నం దిగదు, దిగినా అరగదు. వైద్యులు చూసి, ఇది మనసులో పుట్టి ఒంట్లోకి పాకింది, మనసు కుదుటపడితే తప్ప మందు లేదన్నారు. ఆ ఆర్నెల్లూ లోపల ఏం జరిగిందో ఆయనే చెబుతాడు. నా చదువులు చూసుకుంటే పరలోకానికి పనికొచ్చేవి కావు, నేను పాఠాలు చెప్పేది పేరు కోసం. పొద్దున ఒకటి అనుకుంటే సాయంత్రానికి కోరికల సైన్యం వచ్చి దాన్ని చెల్లాచెదురు చేసేది. ఇప్పటి డాక్టర్లు దీనికి ఏ పేరు పెడతారో గానీ, ఒక పెద్ద మతపండితుడు తన పతనాన్ని ఇంత విప్పి రాయడం ఆ కాలానికి అరుదు.

ఆ ఏడాది నవంబరులో, మక్కాకు పోతున్నానని అందరికీ చెప్పి, ఆస్తిలో ఇంటివాళ్లకు సరిపడా ఉంచి మిగతాది పంచేసి, సిరియా దారి పట్టాడు. డమాస్కస్ ఉమయ్యద్ మసీదు మినారెక్కి, తలుపు వేసుకుని, రోజంతా ఒంటరిగా గడిపేవాడు. జెరూసలేం వెళ్లాడు. హెబ్రాన్‌లో ఇబ్రహీం ప్రవక్త సమాధి దగ్గర మూడు ఒట్లు పెట్టుకున్నాడు: ఏ రాజు దగ్గరికీ పోను, రాజుల డబ్బు ముట్టను, వాదాల పోటీల్లో కూర్చోను.

ఆయన బాగ్దాద్ వదిలిన అదే 1095లో గీలాన్ ప్రాంతం నుంచి పద్దెనిమిదేళ్ల కుర్రాడొకడు చదువు కోసం బాగ్దాద్‌కు వచ్చాడు. పేరు అబ్దుల్ ఖాదిర్. తర్వాత ఆయన పేరు మీదే ఖాదిరీ సూఫీ పరంపర నడిచింది. నల్గొండ పట్టణంలో లతీఫ్ సాహెబ్ గుట్టెక్కితే దర్గా కనపడుతుంది కదా, ఆ లతీఫుల్లా షా ఖాద్రీ పేరు చివర ఉన్నది ఆ పరంపరే. జాన్‌పహాడ్ ఉర్సుకు పోయి మొక్కి, పుట్టిన పిల్లలకు సైదులు, సైదమ్మ అని పేరు పెట్టుకునే హిందూ కుటుంబాలు మన దగ్గర వేలల్లో ఉన్నాయి. వాళ్లు గజాలీ పేరు విని ఉండరు, వినాల్సిన పనీ లేదు. కానీ మౌల్వీ చదువూ దర్గా దారీ ఒకే మతం గొడుగు కింద ఉండగలిగాయంటే, ఆ పనిలో గజాలీ చెయ్యి పెద్దది. ఆయనకు ముందు ధర్మశాస్త్ర పండితుల్లో చాలామంది సూఫీలను అనుమానంగా చూసేవాళ్లు. నిజామియా మదరసా పెద్ద ఆచార్యుడే కుర్చీ వదిలేసి వాళ్ల దారిన పోయి, ఆరోగ్యం అంటే ఏమిటో నిర్వచనం తెలియడం వేరు, ఆరోగ్యంగా ఉండటం వేరు, సూఫీలది ఆ రెండోది అని రాస్తే, ఇక ఆ అనుమానం పాతదిలా నిలబడలేకపోయింది. ఇవాళ మన ఊళ్లలో దర్గాకు పోవడం తప్పని వాదించే ముస్లిం కుర్రాళ్లు, పోయే పెద్దలు, ఇద్దరూ తమ వాదానికి ఆయన్నే సాక్షిగా పిలవడం చూస్తే నవ్వొస్తుంది. సమాధుల దగ్గర హద్దు మీరొద్దన్న మాటలూ ఆయనవే, మహాత్ముల సమాధుల్ని దర్శించుకోవచ్చన్న మాటలూ ఆయనవే.

"ఇహ్యా" ఆ తిరుగుడు కాలంలో పుట్టింది. నలభై భాగాలు, నాలుగు పాదాలు: ఆరాధన, రోజువారీ బతుకు, మనిషిని చెడగొట్టేవి, కాపాడేవి. చేతులు కడుక్కోవడం, భోజనం, పెళ్లి, వ్యాపారం దగ్గర మొదలై గర్వం, అసూయ, చావు దాకా పోతుంది. ప్రామాణికం కాని హదీసులు (ప్రవక్త చెప్పినట్టుగా వచ్చిన మాటలు) చాలా దూర్చాడని తర్వాతి పండితులు తప్పు పట్టారు, అది నిజమే. 1109లో స్పెయిన్‌లోని కార్డోబాలో మతపెద్దలే దాన్ని బహిరంగంగా తగలబెట్టించారు. ధర్మశాస్త్రం పేరుతో ఉద్యోగాలు చేసుకునేవాళ్ల మీద ఆయన వేసిన దెబ్బలు వాళ్లకు బాగానే తగిలాయి. మతమౌఢ్యానికి గుర్తుగా ఇవాళ మనం చెప్పుకునే మనిషి పుస్తకాన్ని, ఆయన బతికుండగానే మతం పేరు మీద కాల్చారు.

ఇక సైన్స్ చనిపోయిందా అన్నది. 1111లో గజాలీ తూస్‌లో పోయాడు. నూట నలభై ఎనిమిదేళ్లకు, 1259లో, అదే తూస్‌కు చెందిన నసీరుద్దీన్ మరాఘాలో పెద్ద అబ్జర్వేటరీ కట్టించాడు. ఊపిరితిత్తుల్లోంచి రక్తం ఎలా తిరుగుతుందో 13వ శతాబ్దంలో మొదట సరిగ్గా చెప్పిన ఇబ్న్ నఫీస్, గజాలీ లాగే షాఫియీ ధర్మశాస్త్రం చదివినవాడు. గజాలీ తలుపు వేసుకుని కూర్చున్న డమాస్కస్ మసీదులోనే 14వ శతాబ్దంలో ఇబ్న్ షాతిర్ నమాజు వేళలు లెక్కగట్టే ఉద్యోగం చేశాడు. చంద్రుడి కదలికకు ఆయన వేసిన లెక్క, తర్వాత కోపర్నికస్ వాడిన లెక్క ఒకేలా ఉన్నాయి. 1420ల్లో సమర్‌కంద్‌లో ఉలుగ్ బేగ్ అబ్జర్వేటరీ వచ్చింది. చంపినవాడు పోయిన మూడు వందల ఏళ్ల దాకా శవం ఇన్ని పనులు చేయదు. ఆ తర్వాత వెనకబడ్డారన్నది వాస్తవమే, దానికి యుద్ధాలు, రాజుల ఆదరణ తగ్గడం, వ్యాపార దారులు మారడం, అచ్చుయంత్రం ఆలస్యంగా రావడం, ఇలా చాలా చెప్పాలి. ఒక్కడి మెడకు చుట్టేస్తే పని తేలికవుతుంది, అంతే.

ఎదురు జవాబు కూడా ముస్లిం ప్రపంచం నుంచే వచ్చింది. కార్డోబా కాజీ కుటుంబంలో పుట్టిన ఇబ్న్ రుష్ద్ (1126–1198) "తహాఫుత్"ను వాక్యం వాక్యం ఎత్తి రాసి ఖండించాడు. వస్తువులకు వాటి వాటి పనులు లేవంటే, నిప్పుకూ నీళ్లకూ తేడా చెప్పే వీలుండదు, కారణాలను కాదన్నవాడు బుద్ధినే కాదన్నట్టు అని ఆయన వాదన. పత్తి విషయంలో నేను ఇబ్న్ రుష్ద్ వైపే మొగ్గుతాను. గజాలీ రెండో దారిని, ఆ రాతిపొడి దారిని, ఆయన సరిగా పట్టించుకోలేదని మాత్రం నాకనిపిస్తుంది.

గజాలీ ఓడించాలనుకున్న తత్వవేత్తల శాస్త్రాల్లో ఒకదాన్ని ఆయనే మదరసాలోకి తెచ్చిపెట్టాడన్నది ఎక్కువమందికి తెలియని సంగతి. చివరి రోజుల్లో రాసిన ధర్మశాస్త్ర గ్రంథం "ముస్తస్ఫా"కు అరిస్టాటిల్ తర్కాన్ని ముందుమాటగా పెట్టి, ఇది రానివాడి చదువును నమ్మడానికి లేదన్నాడు. అప్పటి నుంచి మంతిఖ్, అంటే తర్కం, మతవిద్యలో మామూలు పాఠమైంది. లక్నోలో ముల్లా నిజాముద్దీన్ 18వ శతాబ్దంలో కుదిర్చిన దర్సె నిజామీ సిలబస్‌లో దానికి పెద్ద పీట ఉంది. హైదరాబాదులో 1876లో అన్వారుల్లా ఫారూఖీ జామియా నిజామియా స్థాపించారు. ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్‌కు, అంటే పాలమూరుకు ఇప్పుడున్న పేరు ఎవరి వల్ల వచ్చిందో ఆయనకు, చదువు చెప్పిన గురువు ఈయనే. మన జిల్లాల మసీదుల్లో ఇమాములుగా, కాజీలుగా కనపడే పెద్దల్లో కొందరు అక్కడ చదివి వచ్చినవాళ్లే. ఎప్పుడైనా వాళ్లతో కూర్చుంటే మంతిఖ్ పాఠాల సంగతి అడగండి. కొందరు నవ్వి, అది చదువుతుంటే తల తిరిగిపోయేది అంటారు.

గజాలీని నేరుగా చదవాలనుకునేవాళ్లు "తహాఫుత్"తో మొదలుపెట్టొద్దు. సగంలో ఆగిపోతారు. ఆయన ఆత్మకథ "అల్ మున్‌కిజ్" చిన్న పుస్తకం, ఉర్దూ, ఇంగ్లీషు అనువాదాలు దొరుకుతాయి, రెండు మూడు సాయంత్రాల్లో పూర్తవుతుంది. నోటి మాట పడిపోయిన ఆర్నెల్ల కథ అందులోనే ఉంది. ఆ తర్వాత "ఇహ్యా"లో జ్ఞానం మీద ఉన్న మొదటి భాగం చదివి, అప్పుడు పదిహేడో చర్చకు రండి. ఇబ్న్ రుష్ద్ జవాబును పక్కనే తెరిచి పెట్టుకోండి.